అల్మరా మీది బంతి

మా మామగారి మీద నాకున్న ఫిర్యాదు ఒక్కటే. ఆయన గుర్రాలని మనుషుల్లా చూస్తారు, మనుషులని గుర్రాల్లా చూస్తారు. పాలబండి మా గుమ్మం ముందు ఆగితే చాలు, "ఏరా అబ్బాయ్, రాత్రి నిద్ర పట్టిందా?" అని గుర్రాన్ని పలకరించి, దాని మోకాళ్ళు మెల్లగా తడిమి చూసి, కేకులోకని నేను దాచుకున్న చక్కెర దాని నోట్లో పెట్టి మరీ పంపేవారు. అదే కన్నకొడుకు మోకాలు పట్టుకుని మూలిగితే, "లేచి నాలుగడుగులు వెయ్యరా, అదే సర్దుకుంటుంది" అనేవారు. ఆ గుర్రాన్ని చూసి నా భర్త సెత్ ఎన్నిసార్లు అసూయపడ్డాడో నాకు తెలుసు.

మామగారి పేరు జేబెజ్ ఆర్మ్‌రాడ్. మా ఊరు ఆర్న్‌షాలో ఎన్ని నూలు మిల్లులున్నా, వాటిలో ఆ పేరు తెలియని మగ్గం లేదు. ఒకప్పుడు ఊరి ఫుట్‌బాల్ జట్టులో ఆడినవారు. నేను చెబుతున్న 1909 నాటికి అదే జట్టుకి ట్రైనర్. ట్రైనర్ అంటే వారమంతా ఆటగాళ్ళని కొండ మీది బీడుల్లో నడిపించడం, తాడు మీంచి ఎగిరించడం, నా పిండి కలిపే గిన్నెలో టర్పెంటైన్, వెనిగర్, కోడిగుడ్లు గిలకొట్టి ఆ తైలంతో వాళ్ళ కాళ్ళు రుద్దడం. శనివారం మ్యాచ్‌లో ఎవరైనా పడితే బకెట్టు, స్పాంజి పట్టుకుని పరిగెత్తడం. చితికిన ముక్కుకీ, బెణికిన మడమకీ, తప్పిన స్పృహకీ ఆ చన్నీళ్ళ స్పాంజి ఒక్కటే మందు.

ఇందులో బంతి ఎక్కడా రాలేదేమిటని మీరు అడగవచ్చు. రాదు. సోమవారం నుంచి శుక్రవారం దాకా ఆటగాళ్ళెవరూ బంతి తాకకూడదన్నది ఆయన శాసనం. ఆయన ఒక్కరిదే కాదు, ఆ రోజుల్లో ట్రైనర్లు చాలామందికి అదే వేదం.

"వారమంతా మాడిస్తేనే గదమ్మాయ్, శనివారం బంతి కనబడగానే ఆకలిగొన్నవాళ్ళలా మీదపడతారు" అనేవారు.

"అలాగైతే నాకు వంట నేర్పేటప్పుడు పొయ్యి చూపించకుండా ఉంచాల్సింది మామయ్యా."

"నీ బంగాళదుంపల కూర తిన్నప్పుడల్లా, నిజంగా అలాగే నేర్పారనుకుంటానమ్మా, టీచరమ్మా."

టీచరమ్మ అన్నది ఎత్తిపొడుపు. నేను టీచర్ల కాలేజీలో చదువుకుని బళ్ళో పాఠాలు చెప్పినదాన్ని. పెళ్ళయిన మర్నాడే బడి నన్ను వద్దంది. పెళ్ళయిన ఆడది గుణకారం చెబితే పిల్లలకి ఏ రోగం పట్టుకుంటుందో నాకు ఇప్పటికీ తెలియదు. అలా నా చదువంతా మామగారి కాళ్ళకి అడ్డంపడకుండా వంటింట్లో తిరగడానికి పనికొచ్చింది. ఆయన కుడికాలు వంగదు. పొయ్యి పక్క కుర్చీలో కూర్చుని దాన్ని గది మధ్యదాకా చాచి ఉంచేవారు. ఇంటికొచ్చిన ప్రతివాళ్ళూ దానికి తట్టుకునేవారు. తట్టుకున్న ప్రతివాళ్ళకీ ఆ కాలి కథ వినాల్సిన శిక్ష పడేది.

ఎనభై ఆరులో కప్పు మ్యాచ్. ఆట మొదలైన కాసేపటికే ఆయన మోకాలు విరిగింది. ఆట మధ్యలో పడినవాడికి బదులు మరొకణ్ణి దింపడమన్నది మా ఆటలో లేదు. ఉన్న పదిమందితోనే లాగించాలి. అందుకని కుంటివాణ్ణయినా సరే మైదానం అంచున నిలబెడతారు. వాడేమీ చెయ్యక్కర్లేదు, అవతలివాడొకడు వాడికి కాపలా కాస్తే చాలు. అలా మామగారు ఆట అయ్యేదాకా ఒంటికాలి మీద అంచున నిలబడి, చివర్లో గోల్ కూడా కొట్టారు. "నాకు వైద్యమేంటో తెలుసా?" అని కథ ముగించేవారు. "బకెట్టు నీళ్ళు, ఒక స్పాంజి, ఇంత మొండితనం!" అని గుప్పిట చూపించేవారు. ఆ మాటతో పాటు నేను చెంచా గిన్నెకి కొట్టేదాన్ని. ఆయన దాన్ని చప్పట్లనుకునేవారు.

సెత్‌కి అప్పుడు ఇరవై ఏడేళ్ళు. మిల్లులో నేత పని చేస్తూ జట్టులోకి వచ్చాడు. బలశాలి కాదు, పెద్ద పరుగూ లేదు. కానీ బంతితో సహా ఉన్నచోటే గిరుక్కున తిరిగేవాడు. అడ్డొచ్చినవాడు ఇటు చూస్తూ ఉండిపోయేవాడు, సెత్ అటు వెళ్ళిపోయేవాడు. ఆ తిరుగుడు చూడడానికే మనుషులు పక్క ఊళ్ళ నుంచి రైలెక్కి వచ్చేవారు. నేనూ దానికే పడిపోయానని ఒప్పుకోవడానికి సిగ్గేమీ లేదు.

మార్చి మొదట్లో కప్పు పోటీ మా ఊళ్ళోనే జరిగింది. గెలిస్తే సెమీఫైనల్. మైదానం బురదగుంటలా ఉంది. పక్కింటి మిసెస్ డక్‌వర్త్, నేను ఒకే గొడుగు కింద నిలబడి చూస్తున్నాం. సెత్ తన పద్ధతిలో తిరిగాడు. పాదం బురదలో దిగబడి అక్కడే ఉండిపోయింది, ఒళ్ళు మాత్రం తిరిగింది. పడ్డాడు. లేవలేదు.

మామగారు వంగని కాలితోనే బకెట్టు ఊపుకుంటూ పరిగెత్తారు. మోకాలి మీద నీళ్ళు పిండారు. ఏదో అడిగారు. సెత్ తల అడ్డంగా ఊపాడు. ఆ ఊపు గుడ్డివాడికైనా కనబడుతుంది. మామగారు లేచి, చెయ్యి చాచి అంచు చూపించారు.

సెత్ వెళ్ళాడు. ఒక కాలు ఈడ్చుకుంటూ, అంచునున్న జెండా దగ్గరికి పోయి నిలబడ్డాడు. జనం చప్పట్లు కొట్టారు. ఆ చప్పట్లు కొట్టిన చేతులన్నీ ఒక్కొక్కటిగా విరగ్గొట్టాలనిపించింది.

ఆట ఆఖర్లో అవతలివాళ్ళు ఆ కుంటివాణ్ణి మరిచిపోయారు. బంతి దొర్లుకుంటూ అతని దగ్గరికి వచ్చింది. మంచికాలితో తన్ని, అదే ఊపులో కింద పడ్డాడు. గోల్ అయింది.

మిసెస్ డక్‌వర్త్ నా మెడ కౌగిలించుకుని ఏడ్చేసింది. "చూశావా తల్లీ! కుంటుతూనే కొట్టాడే!"

"చూశాను. కుంటుతున్నాడని మీకు కూడా కనబడిందన్నమాట."

"అదేం మాట! అచ్చం తండ్రి పోలికే!"

"అదే నా భయం" అన్నాను. ఆ గోలలో ఆవిడకి వినబడలేదు.

ఆ బుధవారం క్లబ్ ఛైర్మన్ ఎంట్విసిల్ గారు మా ఇంటికి వచ్చారు. ఊళ్ళో సారా బట్టీ ఆయనదే, మేమున్న ఇల్లూ ఆయనదే. వస్తూ వస్తూ మామగారి కాలికి తట్టుకుని, కథ మరోసారి విని, సంచిలోంచి బంతి తీశారు. గోల్ కొట్టిన బంతే. కడిగి, మెరుగుపెట్టి, తెల్లరంగుతో దాని మీద గోల్‌ల సంఖ్య రాయించారు. దాన్ని మా అల్మరా మీద, రెండు పింగాణీ కుక్కల సరసన నిలబెట్టారు. చోటు చాలక, మా అమ్మ ఇచ్చిన కుక్క సామానుగదికి పోయింది.

"వారం మధ్యలో ఇంట్లో బంతేమిటి మామయ్యా? శాసనం ఏమైంది?" అన్నాను.

"ఇది బంతి కాదమ్మాయ్. జ్ఞాపిక. ఎవరూ ముట్టుకోకూడదు."

"దుమ్ము తుడవాలంటే?"

"నువ్వు తుడువు. నువ్వెలాగూ తన్నలేవు."

అలా నా మొగుడి కాలు విరగ్గొట్టిన వస్తువుని రోజూ పొద్దున్నే పాతగుడ్డతో తుడిచే ఉద్యోగం నాకు దొరికింది. పెళ్ళయినవాళ్ళు పనికిరారని ఈ ఉద్యోగంలో ఎవరూ అనలేదు.

సెత్ కాలు వాపు తగ్గింది. మామగారు పూటకోసారి నా రొట్టె పిండి బల్ల మీద అతన్ని పడుకోబెట్టి తైలం రుద్దేవారు. ఇంట్లో ఏది తిన్నా టర్పెంటైన్ రుచే. నడిపించారు, నడిచాడు. మెట్లెక్కమన్నారు, ఎక్కాడు. తాడు ఎగరమంటే ఎగిరాడు. "చెప్పానా!" అని మామగారు పాలబండి గుర్రంతో సహా అందరికీ చెప్పుకున్నారు.

నేను చూసింది వేరు. మా మెట్లు మధ్యలో మలుపు తిరుగుతాయి. ఒక రోజు పొద్దున బట్టల మూటతో కిందికి దిగుతుంటే, ఆ మలుపులో సెత్ గోడకి చేరబడి కనిపించాడు. మొహం తెల్లగా పాలిపోయి ఉంది. మోకాలు సగం వంగి అక్కడే బిగుసుకుపోయింది, అటూ రాదు, ఇటూ రాదు. రెండు చేతులతో పట్టుకుని కుదిపితే, లోపల ఏదో టక్కుమని, అప్పుడు కదిలింది.

"ఎన్నోసారి?" అన్నాను.

"నాన్నతో అనకు, హెస్టర్."

"ఎన్నోసారని అడిగాను."

గోడ పట్టుకుని కిందికి దిగిపోయాడు. మర్నాడు మా అక్క వాళ్ళింటికని చెప్పి అతన్ని మాంచెస్టర్ తీసుకెళ్ళాను. అక్కడ ఆస్పత్రిలో డాక్టరు మోకాలిని ఇటూ అటూ తిప్పి చూసి, వేలితో ఒకచోట నొక్కాడు. సెత్ నా చెయ్యి ఎముకలు నలిగేలా పట్టుకున్నాడు.

"లోపల మెత్తటి ముక్క ఒకటి చిరిగి, తలుపు బందులో రాయిలా ఇరుక్కుంటోంది" అన్నాడు డాక్టరు. "తిన్నగా నడిస్తే తెలియదు, తిరిగితే పట్టేస్తుంది. కోసి తీసేస్తే కాలు దక్కుతుంది. ఆట సంగతి ఇప్పుడే చెప్పలేను. కానీ దీంతో ఒక మ్యాచ్ ఆడి, నాలుగు దెబ్బలు తిన్నాడంటే, ఇక జన్మలో వంగదు."

జన్మలో వంగని కాలు ఎలా ఉంటుందో నాకెవరూ వర్ణించి చెప్పక్కర్లేదు. రోజూ దాన్ని దాటుకునే బొగ్గు తెస్తున్నాను.

తిరుగు రైల్లో సెత్ కిటికీ వైపే చూస్తూ అన్నాడు: "సెమీఫైనల్ అయ్యాక కోయించుకుంటా."

"అప్పటికి కోయడానికేం మిగుల్తుంది?"

"నా వయసు ఇరవై ఏడు. ఇంకో సెమీఫైనల్ వస్తుందా నాకు? నాన్న ఒంటికాలితో ఆడాడు. నేను రెండు కాళ్ళూ పెట్టుకుని ఆస్పత్రిలో పడుకున్నానని ఊరంతా..."

"ఊరు నీ బూట్లు తొడుగుతుందా? నీకు మేజోళ్ళు ఎక్కిస్తుందా? మీ నాన్నకి రోజూ ఎక్కిస్తున్నది నేను. ఇంకో జత కాళ్ళకి నా దగ్గర ఓపిక లేదు."

పెట్టెలో మిగతావాళ్ళు పేపర్ల వెనక దాక్కున్నారు.

చెప్పొద్దన్నాడు కానీ, రాత్రి భోజనాల దగ్గర చెప్పేశాను. మామగారు రొట్టెముక్కతో పళ్ళెం తుడుచుకుంటూ విన్నారు.

"ఆ డాక్టరు ఎప్పుడైనా బంతి తన్నాడా?"

"లేదు. మీరెప్పుడైనా పాలబండి లాగారా? అయినా దాని మోకాళ్ళు చూస్తున్నారుగా!"

"నోరు బాగానే నేర్పారు కాలేజీలో. నడుస్తున్నాడా లేదా? మెట్లెక్కుతున్నాడా లేదా? నా చేతులకి తెలియనిది ఆ కత్తులవాడికేం తెలుసు?"

సెత్ తల వంచుకుని కూర పళ్ళెంలో ఏదో వెతుకుతున్నాడు. ఆ క్షణంలో నాకు తండ్రి మీద ఎంత మంట పుట్టిందో, కొడుకు మీదా అంతే పుట్టింది. పళ్ళేలు కడుగుతూ ఒకటి పగలగొట్టాను. పొరపాటున కాదు.

పళ్ళేలు పగిలితే మోకాళ్ళు బాగుపడవు. మర్నాడు బంతి దుమ్ము తుడుస్తుంటే తట్టింది. నడక తిన్నగా. బీడులో పరుగు తిన్నగా. తాడు ఎగరడం ఉన్నచోటే. మామగారు పెట్టిన పరీక్షల్లో సెత్ తిరగాల్సినది ఒక్కటీ లేదు. తిరగాలంటే బంతి ఉండాలి. వారమంతా బంతి నిషేధం, మధ్యలో వచ్చిన శనివారం వాపు వల్ల ఆడించలేదు. ఆ దెబ్బ తగిలిన రోజు తర్వాత కొడుకు బంతి తన్నడం ఆ తండ్రి ఒక్కసారి కూడా చూడలేదు.

సెమీఫైనల్ వేరే ఊళ్ళో. జట్టు శుక్రవారం సాయంత్రం రైలెక్కాలి. మధ్యాహ్నానికే ఎంట్విసిల్ గారు బండి వేసుకుని మా ఇంటికి వచ్చారు, స్వయంగా తీసుకెళ్ళడానికి. సెత్ సంచి సర్దుకుని గుమ్మం దగ్గర పెట్టాడు. మామగారు ఛైర్మన్ గారి కోసం కొడుకుని మళ్ళీ ఒకసారి వంటింట్లో అటూ ఇటూ నడిపించి చూపించారు, సంతలో గుర్రాన్ని నడిపించినట్టు.

"ఉక్కు!" అన్నారు ఎంట్విసిల్ గారు. "ఇతని కోసమే వస్తున్నారయ్యా జనం. ఆఖరికి అంచున నిలబెట్టినా చాలు."

నేను చేతులు తుడుచుకుని అల్మరా దగ్గరికి వెళ్ళాను. బంతి తీశాను.

"అమ్మాయ్, అది ముట్టుకోవద్దన్నానా!"

"దుమ్ము పట్టింది మామయ్యా" అని, దాన్ని రాతినేల మీద సెత్ వైపు మెల్లగా దొర్లించాను. సూటిగా కాదు, కాస్త వెనకగా.

వద్దనుకుంటే వదిలేయవచ్చు. కానీ రెండు వారాలుగా బంతి తాకనివాడు, తండ్రి పెంచిన ఆకలి ఉన్నవాడు. మొహం ఒక్కసారిగా వెలిగింది. ఆలోచన రాకముందే కాలు కదిలింది. తన పద్ధతిలో గిరుక్కున తిరగబోయాడు.

సగంలో ఆగిపోయాడు. మోకాలు బిగుసుకుపోయింది. నేను ఆ పక్కనే ఉన్నాను, ఒక భుజం పట్టుకున్నాను. బల్ల అంచు పట్టుకుని నిలబడ్డాడు. పెదవి కొరుక్కున్నాడు కానీ, గొంతులోంచి వచ్చిన మూలుగు ఆగలేదు. బంతి దొర్లుకుంటూ పోయి బొగ్గు బుట్టకి తగిలి ఆగింది.

నేను చేసింది క్రూరమని మిసెస్ డక్‌వర్త్ తర్వాత నాతో అంది. కావచ్చు. వేలమంది ముందు, బూట్ల కింద పడేకంటే, నా వంటింట్లో, నా భుజం మీద పడడం మేలనుకున్నాను. ఇప్పటికీ అదే అనుకుంటున్నాను.

"అమ్మా, ఏమిటీ పిచ్చిపని?" ఎంట్విసిల్ గారు కేకలేశారు. "జేబెజ్, స్పాంజి తీయవయ్యా! పొద్దుటికి సర్దుకుంటుంది!"

మామగారు స్పాంజి తీయలేదు. కుర్చీ చెయ్యి పట్టుకుని, వంగని కాలు పక్కకి చాచి, కష్టపడి నేల మీద కూలబడ్డారు. కొడుకు మోకాలి మీద చెయ్యి వేశారు. ఎప్పుడూ తైలం రుద్దే మోటుచెయ్యి కాదది. రోజూ పొద్దున్నే గుమ్మం ముందు గుర్రం మోకాలిని తడిమే చెయ్యి. వేళ్ళు ఒకచోట ఆగాయి. డాక్టరు నొక్కింది అక్కడే.

 పొయ్యి మీద కెటిల్ ఒక్కటే గోల పెట్టింది.

"సంచి ఇలా ఇవ్వమ్మాయ్" అన్నారు.

ఇచ్చాను. అందులోంచి బూట్లు తీసి, పొయ్యి కింద మూలకి తోశారు.

"రైలు టైమవుతోందయ్యా!" అన్నారు ఎంట్విసిల్ గారు.

"వీడు రాడు. రిజర్వువాణ్ణి పిలిపించుకోండి."

"నీకు మతిపోయిందా? ఈ ఇల్లు ఎవరిదో గుర్తుందా?"

"ఉంది. తలుపు దగ్గరికి వేసుకుని వెళ్ళండి, చలిగాలి కొడుతోంది."

మా జట్టు ఓడిపోయింది. ఆ రిజర్వువాడు బాగానే ఆడాడట, కానీ అది ఎవరికి కావాలి? చప్పట్లు కొట్టిన చేతులే మా కిటికీకి బురద కొట్టాయి. చేపల దుకాణంలో నా వంతు వచ్చేసరికి చేపలు అయిపోయేవి. "పెళ్ళాం గౌను చాటున దాక్కున్నాడు" అని సెత్ వెనకాలే మిల్లు ఆడవాళ్ళు పాట కట్టి పాడారు. రైళ్ళెక్కి వచ్చి అతని తిరుగుడు చూసినవాళ్ళలో, కాలెలా ఉందని అడిగినవాడు ఒక్కడు లేడు. క్లబ్ మామగారిని పనిలోంచి తీసేసింది. బకెట్టు తిరిగి ఇచ్చేయమని మనిషిని కూడా పంపింది. స్పాంజితో సహా ఇచ్చాను. దానికి కాస్త టర్పెంటైన్ పట్టించి మరీ ఇచ్చాను. ఇల్లు ఖాళీ చేయమన్నారు, మిసెస్ డక్‌వర్త్ చెల్లెలి ఇంటి మేడ మీదికి మారాం. అల్మరా పట్టలేదు. బంతిని బొగ్గు కొట్లో పడేశాను.

ఇంత జరిగినా మామగారు తప్పు తనదని ఒక్క మాట అనలేదు. సెత్‌తో అనలేదు, నాతో అసలే అనలేదు. పొయ్యి పక్కన కాలు చాచి కూర్చునేవారు. నేను దాన్ని దాటుకుంటూ తిరిగేదాన్ని. ఒక్క మాటకి ఎదురుచూసి చూసి, నాకు ఆ కుర్చీని చూస్తేనే ఒళ్ళు మండేది.

మే నెలలో సెత్ మోకాలు కోశారు. కాలు దక్కింది. ఆ తిరుగుడు దక్కలేదు. తర్వాత రెండు శీతకాలాలు చిన్న ఊరి జట్టు ఒకదానికి ఆడి, మళ్ళీ మగ్గాల దగ్గరికే వెళ్ళిపోయాడు. మార్చిలో పడ్డరోజే బయటికి తీసుకొచ్చి ఉంటే దక్కేదేమోనని డాక్టరు అన్నాడు. ఆ "ఏమో" నా గొంతులో ఇంకా అలాగే ఉంది.

కోసిన వారానికి మామగారు, నేను ఆస్పత్రికి చూడడానికి వెళ్ళాం. పక్క మంచం మీద ఓల్డమ్ నుంచి వచ్చిన ముసలి బండివాడొకడున్నాడు. మామగారి పేరు వినగానే దిండు మీంచి లేచి కూర్చున్నాడు.

"ఎనభై ఆరులో ఒంటికాలితో ఆడిన జేబెజ్ ఆర్మ్‌రాడ్ నువ్వేనా అన్నా? ఆరోజు నేను గోడెక్కి చూశాను! చెప్పన్నా, నీ నోటితో చెప్పు. మీరంతా ఇలా వినండర్రా!"

చుట్టుపక్కల మంచాలన్నీ ఇటు తిరిగాయి. మామగారు గొంతు సవరించుకున్నారు. నేను సంచిలోంచి కేకు తీసి కోస్తున్నాను. కథ ప్రతి మాటా నాకు కంఠతా వచ్చు. మోకాలు విరిగింది. ట్రైనర్ వచ్చాడు. అంచు చూపించాడు.

"బకెట్టు నీళ్ళు, ఒక స్పాంజి..." అని ఆగిపోయారు.

"ఇంత మొండితనం" అందించాను నేను, కత్తి కిందపెట్టకుండానే.

ఆయన గుప్పిట ఎత్తలేదు. మంచం మీద కట్టు కట్టి ఉన్న సెత్ కాలి వైపు చూశారు.

"మొండితనం కాదమ్మాయ్. భయం. పిరికివాడంటారని భయం." గొంతు తగ్గలేదు, అందరికీ వినబడేలాగే చెప్పారు. "ఆరోజు నేను బయటికి వచ్చేయాల్సింది. రాలేదు. వీడు తల అడ్డంగా ఊపినా, మళ్ళీ అదే అంచుకి పంపాను. ఈ పిల్ల చెబుతూనే ఉంది. తప్పు చేశానురా సెత్. నాదే తప్పు."

సెత్ మంచం మీంచే వంగి, తండ్రి చేతికి కేకు ముక్క అందించాడు.  ముసలి బండివాడి మొహంలో మాత్రం, కథ సగంలో ఆపేసినందుకు పట్టరాని బాధ.

"అదేంటన్నా అలా అంటావు? గోల్ కొట్టావుగా!"

"కొట్టాను" అన్నారు మామగారు. "అయినా తప్పే."